జోకో అన్వర్: దెయ్యం కథల్లో దేశం కథ చెబుతున్న ఇండోనేసియా దర్శకుడు

ఇండోనేసియాలో 1980లో ‘పెంగబ్ది సేతాన్’ అనే సినిమా వచ్చింది. ఆ మాటకు ‘సైతాను సేవకులు’ అని అర్థం. తల్లిని పోగొట్టుకున్న ఓ కుటుంబంలోకి నల్లబట్టల పనిమనిషి రూపంలో దుష్టశక్తి అడుగుపెడుతుంది. దేవుణ్ని మరిచిపోయిన ఆ కుటుంబాన్ని చివరకు ఓ మతగురువు ప్రార్థనే కాపాడుతుంది.

2017లో అదే పేరుతో ఆ సినిమాను మళ్లీ తీశారు. ఈసారి కూడా తల్లి చనిపోతుంది. ఈసారి కూడా మతగురువు సాయానికి వస్తారు. కానీ ఆయన ఎవరినీ కాపాడలేకపోతారు. చివరకు తన ప్రాణాలే పోగొట్టుకుంటారు.

జనాభాలో దాదాపు 87 శాతం ముస్లింలు ఉన్న దేశంలో ఇలాంటి మార్పు చేయడం చిన్న విషయం కాదు. అయినా 42 లక్షల మంది టికెట్ కొని చూశారు. ఆ ఏడాది ఇండోనేసియా సినిమాలన్నింటిలో అదే మొదటి స్థానంలో నిలిచింది. దాని దర్శకుడు జోకో అన్వర్. విమర్శకులు మెచ్చినా పెద్దగా జనం చూడని సినిమాలు తీస్తూ వచ్చిన ఆయన, ఆ ఒక్క చిత్రంతో దేశంలోని అగ్ర దర్శకుల వరుసలో చేరారు.

వసూళ్లు కాదు, టికెట్లు

తెలుగులో సినిమా విజయాన్ని గ్రాస్, షేర్ లెక్కల్లో, కోట్లలో చెప్పుకుంటాం. ఇండోనేసియాలో ఎన్ని టికెట్లు తెగాయన్నదే లెక్క. పది లక్షలు దాటితే హిట్. నలభై లక్షలు దాటితే పెద్ద హిట్. దాదాపు 28 కోట్ల జనాభా ఉన్న దేశానికి ఈ అంకెలు చిన్నవిగా కనిపించవచ్చు. కానీ అక్కడి థియేటర్లలో ఎక్కువ భాగం జావా ద్వీపంలోని నగరాల్లో, మాల్స్‌లో ఉంటాయి. సినిమాహాలే లేని జిల్లాలు చాలా ఉన్నాయి.

1990ల చివరికి ఇండోనేసియా సినిమా దాదాపు ఆగిపోయింది. 1997 ఆర్థిక సంక్షోభం, టీవీ సీరియళ్ల పోటీ, హాలీవుడ్ చిత్రాల ఆధిపత్యం కలిసి ఏడాదికి వచ్చే స్థానిక సినిమాలను వేళ్ల మీద లెక్కపెట్టే స్థితికి తెచ్చాయి. 32 ఏళ్లు దేశాన్ని ఏలిన సుహార్తో 1998లో గద్దె దిగాక కొత్త తరం కెమెరా పట్టుకుంది. 2016లో ప్రభుత్వం సినిమా రంగంలోకి విదేశీ పెట్టుబడులను అనుమతించడంతో మల్టీప్లెక్సులు పెరిగాయి. 2024 నాటికి స్థానిక చిత్రాలు ఏడాదిలో 8 కోట్లకు పైగా టికెట్లు అమ్మాయి. జోకో అన్వర్ ప్రస్థానం ఈ పతనానికీ, పునరుజ్జీవానికీ సమాంతరంగా సాగింది.

విమానాల చదువు నుంచి సినిమాకు

జోకో 1976లో ఉత్తర సుమత్రాలోని మెదాన్ నగరంలో పుట్టారు. పేద కుటుంబం. చిన్నప్పుడు కుంగ్‌ఫూ, దెయ్యం సినిమాలు చూస్తూ పెరిగారు. ఫిల్మ్ స్కూల్లో చేర్పించే స్తోమత ఇంట్లో లేదు. దాంతో ప్రతిష్ఠాత్మకమైన బాండుంగ్ సాంకేతిక విద్యా సంస్థలో ఏరోస్పేస్ ఇంజనీరింగ్ చదివారు. పట్టా పుచ్చుకున్నాక ఆ రంగంలోకి వెళ్లకుండా ‘ది జకార్తా పోస్ట్’ పత్రికలో చేరి సినిమాల గురించి రాశారు.

ఆ ఉద్యోగమే దారి చూపింది. దర్శకురాలు నియా దినాతాను ఇంటర్వ్యూ చేయడానికి వెళ్లిన జోకోతో కలిసి స్క్రిప్టు రాయాలని ఆమె నిర్ణయించుకున్నారు. అలా వచ్చిన ‘అరిసాన్!’ (2003) జకార్తా ఎగువ మధ్యతరగతి జీవితాన్ని, స్వలింగ ప్రేమను దాపరికం లేకుండా చూపింది. సుహార్తో తర్వాతి స్వేచ్ఛకు గుర్తుగా చెప్పుకునే తొలి చిత్రాల్లో అదొకటి.

దర్శకుడిగా ఆయన తొలి చిత్రం ‘జాంజి జోని’ (2005). ఒక థియేటర్ నుంచి మరో థియేటర్‌కు సినిమా రీళ్లు మోసుకెళ్లే కుర్రాడి కథ. సరదాగా సాగుతుంది, జనానికి నచ్చింది. తర్వాత ఆయన దారి మార్చారు. ‘కాలా’ (2007) నేరకథలో జావా జోస్యాలను కలిపారు. ‘పింటు తర్లారంగ్’ (2009) ఓ శిల్పి మానసిక నరకం. ‘మోదుస్ అనొమలి’ (2012) అడవిలో తప్పిపోయిన మనిషి కథ. విదేశీ చిత్రోత్సవాల్లో వీటికి మంచి పేరు వచ్చింది. ఇంట్లో మాత్రం వీటిని చూసినవారు తక్కువ.

2015లో వచ్చిన ‘ఎ కాపీ ఆఫ్ మై మైండ్’ వెనిస్ చిత్రోత్సవానికి వెళ్లింది. బ్యూటీ పార్లర్‌లో పనిచేసే యువతి, పైరసీ డీవీడీలకు సబ్‌టైటిళ్లు రాసే యువకుడి ప్రేమకథ అది. 2014 అధ్యక్ష ఎన్నికల వేడి దానికి నేపథ్యం. ఈ చిత్రానికి ఇండోనేసియా జాతీయ సినీ పురస్కారమైన ‘చిత్ర’ ఉత్తమ దర్శకుడి అవార్డు ఆయనకు దక్కింది. అవార్డులు వచ్చాయి కానీ నిర్మాతలు వెంటపడే దర్శకుడు మాత్రం కాలేదు.

పదేళ్లు అడిగిన సినిమా

‘పెంగబ్ది సేతాన్’ జోకో చిన్నతనంలో భయపెట్టిన సినిమా. దాన్ని మళ్లీ తీసే హక్కు ఇమ్మని రాపి ఫిల్మ్స్ సంస్థను ఆయన దాదాపు పదేళ్లు అడిగారు.

ఈ సంస్థకు భారత ఉపఖండంతో సంబంధం ఉంది. సింధీ మూలాలున్న గోపే సంతాని స్థాపించిన సంస్థ ఇది. 1980 నాటి మూలచిత్రాన్నీ ఇదే తీసింది. ఇండోనేసియా వినోద రంగంలో సింధీ కుటుంబాల పాత్ర పెద్దది. టీవీ సీరియళ్ల సామ్రాజ్యాన్ని నిర్మించిన రామ్ పంజాబీ, 2022లో విడుదలై కోటి టికెట్ల మైలురాయి దాటిన ‘కేకేఎన్ ది దేసా పెనారి’ నిర్మాత మనోజ్ పంజాబీ ఈ సమాజం వారే. బొంబాయి సినిమాను అక్కడి ప్రేక్షకులకు అలవాటు చేయడం నుంచి స్థానిక చిత్రాలకు పెట్టుబడి పెట్టడం దాకా ఈ కుటుంబాల వ్యాపారం విస్తరించింది.

చివరకు రాపి ఒప్పుకుంది. పశ్చిమ జావాలోని పెంగలెంగన్ కొండల్లో ఓ పాత బంగళాలో చిత్రీకరణ జరిగింది. ఏడు చిత్ర అవార్డులతో పాటు విదేశీ మార్కెట్లూ వచ్చాయి.

దెయ్యం కంటే ముందు అప్పు

ఈ సినిమా అంతగా ఎందుకు ఆడింది? మంచి శబ్దం, మంచి ఛాయాగ్రహణం ఒక కారణం. అంతకంటే ముఖ్యమైనది కథలోని ఇల్లు. అది 1981. ఒకప్పటి గాయని అయిన తల్లి మూడేళ్లుగా మంచం పట్టింది. పాటల రాయల్టీ ఆగిపోయింది. వైద్యానికి ఉన్నదంతా ఖర్చయి ఇల్లు తాకట్టులో ఉంది. తండ్రి ఊరు వదిలి పని వెతుక్కోవాలి. పెద్ద కూతురు చదువు మానేసి తమ్ముళ్లను చూసుకోవాలి. మంచం దగ్గరి గంట మోగినప్పుడు ప్రేక్షకులు భయపడటానికి ముందే ఈ ఇంటి పరిస్థితి వాళ్లకు తెలిసిపోతుంది. జోకో సినిమాల్లో దెయ్యం కంటే ముందు అప్పు వస్తుంది.

తర్వాతి చిత్రాల్లోనూ ఇదే వరుస. ‘పెరెంపువాన్ తానా జహనమ్’ (2019) కథానాయిక మాయ టోల్ గేటులో పనిచేస్తుంది. బతుకు గడవక, పూర్వీకుల ఇల్లు తన వాటాకు వస్తుందన్న ఆశతో మారుమూల పల్లెకు వెళ్తుంది. ఆ ఊళ్లో పిల్లలు చర్మం లేకుండా పుడుతుంటారు. శాపం పోవాలంటే మాయ చావాలని ఊరంతా నమ్ముతుంది. ఊరిపెద్ద తోలుబొమ్మలాడించే కళాకారుడు. ఆంధ్రలో రామాయణ, భారత కథలు ఆడే తోలుబొమ్మలకు దగ్గరి చుట్టం లాంటి జావా ‘వయాంగ్ కులిత్’ కళను ఈ కథ భయానకంగా వాడుకుంటుంది. అందులో అసలు దారుణాలు చేసేది దెయ్యాలు కావు, భయపడిన మనుషులు. ఈ చిత్రం ఇండోనేసియా తరఫున ఆస్కార్ పోటీకి వెళ్లింది. జోకోకు రెండోసారి చిత్ర ఉత్తమ దర్శకుడి అవార్డు తెచ్చింది.

2022 నాటి ‘పెంగబ్ది సేతాన్ 2’ దాదాపు 64 లక్షల టికెట్లు అమ్మింది. ఇప్పటివరకూ ఆయనకు అదే అతిపెద్ద విజయం. నెహ్రూ పాల్గొన్న 1955 బాండుంగ్ ఆసియా-ఆఫ్రికా సదస్సుకు ముందు రాత్రితో ఈ సినిమా మొదలవుతుంది. మిగతా కథంతా 1984లో, జకార్తా శివార్లలో పేదల కోసం కట్టిన అపార్ట్‌మెంటులో, వరద ముంచెత్తిన ఒక్క రాత్రిలో నడుస్తుంది. 1980ల మొదట్లో నేరస్తులన్న పేరుతో వేల మందిని కాల్చిచంపి శవాలను వీధుల్లో పడేసిన ‘రహస్య కాల్పుల’ నీడ ఆ కథ మీద ఉంటుంది.

2024 రంజాన్ పండుగకు ‘సిక్సా కుబుర్’ వచ్చింది. మనకు సంక్రాంతి ఎలాగో అక్కడ సినిమాలకు రంజాన్ సెలవులు అలాంటివి. ఆత్మాహుతి దాడిలో తల్లిదండ్రులను పోగొట్టుకున్న అమ్మాయి, పాపులకు సమాధిలో శిక్ష ఉంటుందన్న నమ్మకం అబద్ధమని నిరూపించాలనుకుంటుంది. పండుగ రోజుల్లో ఇలాంటి కథకు 40 లక్షల టికెట్లు తెగాయి.

సుహార్తో కాలం నాటి దెయ్యం సినిమాల్లో మంచి గెలవాలి, మతం గెలవాలి, ఆఖరికి అంతా సర్దుకోవాలి. జోకో ఆ ముగింపును తీసేశారు. తండ్రి, గురువు, ప్రభుత్వం వీళ్లలో ఎవరో ఒకరు వచ్చి రక్షిస్తారన్న భరోసా ఆయన సినిమాల్లో దొరకదు.

విజయం దేనికి ఉపయోగపడింది?

2025 ఏప్రిల్‌లో విడుదలైన ‘పెంగెపుంగన్ ది బుకిత్ దురి’ దీనికి జవాబు. ఇందులో దెయ్యం లేదు. ఈ కథను జోకో 2007లోనే రాసుకున్నారు. తీయడానికి చాలా ఏళ్లు ఆగారు. అమెజాన్ ఎంజీఎం స్టూడియోస్ ఇండోనేసియాలో భాగస్వామిగా చేరిన తొలి సినిమా ఇది.

కథ 2027లో జరుగుతుంది. దేశం జాతి విద్వేషంతో రగులుతుంటుంది. చైనా సంతతికి చెందిన ఉపాధ్యాయుడు ఎడ్విన్, చనిపోయిన అక్కకు ఇచ్చిన మాట కోసం ఆమె బిడ్డను వెతుకుతూ దారితప్పిన కుర్రాళ్లుండే ఓ బడిలో చేరతాడు. అల్లర్లు చెలరేగి అదే బడిలో చిక్కుకుపోతాడు. అతణ్ని వేటాడేది అతని విద్యార్థులే.

భవిష్యత్తు కథ అయినా ప్రేక్షకులకు గుర్తొచ్చేది 1998 మే. సుహార్తో పతనానికి ముందు జకార్తా, సోలో, జోకో సొంతూరు మెదాన్ సహా పలు నగరాల్లో చైనా సంతతి వారి దుకాణాలు, ఇళ్లు తగలబెట్టారు. వెయ్యి మందికి పైగా చనిపోయారు. మహిళలపై సామూహిక అత్యాచారాలు జరిగాయని ప్రభుత్వం నియమించిన సంయుక్త నిజనిర్ధారణ బృందమే తేల్చింది. అయినా బాధ్యులకు శిక్ష పడలేదు. సినిమా విడుదలైన రెండు నెలలకు, 2025 జూన్‌లో, సాంస్కృతిక శాఖ మంత్రి ఫడ్లి జోన్ ఆ అత్యాచారాలకు ఆధారాలేవని ప్రశ్నించడం బాధితుల సంఘాల, చరిత్రకారుల ఆగ్రహానికి కారణమైంది. చరిత్రగా ఒప్పుకోవాలా వద్దా అని పాలకులు ఇంకా వాదిస్తున్న విషయాన్ని జోకో మల్టీప్లెక్సుల్లోకి తెచ్చారు.

దీనికి టికెట్లు సుమారు 18 లక్షలు. దెయ్యం సినిమాల ముందు తక్కువే. కానీ అంతకుముందు పదేళ్లు ఆయన తీసిన సీరియస్ సినిమాల ముందు ఎన్నో రెట్లు ఎక్కువ. హారర్ హిట్లు తెచ్చిన పేరు లేకపోతే ఈ కథకు అంత పెట్టుబడీ, అన్ని తెరలూ దొరకడం కష్టమయ్యేది.

దీని పరిమితులు

ఈ దారి అన్నిచోట్లా పనిచేయలేదు. 1969 నాటి కామిక్ హీరో ఆధారంగా తీసిన ‘గుండాలా’ (2019) సుమారు 17 లక్షల టికెట్లతో బాగానే ఆడింది. దాని మీద సూపర్‌హీరోల వరుస చిత్రాలు కట్టాలన్న ప్రణాళిక మాత్రం ముందుకు సాగలేదు. మరో దర్శకురాలు తీసిన తర్వాతి చిత్రం ‘శ్రీ ఆసిహ్’ (2022) ఆ స్థాయికి చేరలేదు.

2017 విజయానికి మరో ఫలితం కూడా ఉంది. ఆ తర్వాత ఇండోనేసియా థియేటర్లను హారర్ ముంచెత్తింది. వాటిలో చాలావరకు మతాన్ని ప్రశ్నించే ధైర్యం లేనివే. మత చిహ్నాలను భయపెట్టడానికి వాడుకునేవి. 2024లో ‘కిబ్లత్’ అనే సినిమా పోస్టర్‌పై ఉలేమా మండలి అభ్యంతరం చెప్పడంతో నిర్మాతలు పేరే మార్చుకోవాల్సి వచ్చింది. మతంతో భయపెట్టే సినిమాలపై పెరిగే అసహనం, మతం గురించి నిజంగా ప్రశ్నలు వేసే సినిమాలకూ చుట్టుకునే ప్రమాదం ఉంది.

అందుకే అక్కడి దర్శకులు జోకో టికెట్ల లెక్కను ఇంత శ్రద్ధగా చూస్తారు. 42 లక్షలు, 64 లక్షలు నిర్మాతలకు ధైర్యమిచ్చిన అంకెలు. 18 లక్షలు మరో విషయం చెబుతున్నాయి. దెయ్యం సాయం లేకుండా, గాయపడిన దేశ చరిత్రను నేరుగా చూపినా టికెట్ కొనేవాళ్లు ఉన్నారని. ఆ సంఖ్యను చూసి రెండో నిర్మాత, మూడో దర్శకుడు ముందుకొస్తే 1998 గురించి మాట్లాడే సినిమాలు ఒక్కదానితో ఆగిపోవు.