తిరుమల శాసనములు: ఒక అమెరికను చరిత్రకారుని ఆర్థిక వ్యాఖ్య

మతమునకును ధనార్జనమునకును గల సంబంధమును గూర్చిన చర్చ మాక్స్ వేబరు 1904-05 సంవత్సరములలో ప్రకటించిన వ్యాసములతో ప్రసిద్ధి కెక్కినది. మితవ్యయమును, కాలనియమమును బోధించిన అమెరికను బెంజమిన్ ఫ్రాంక్లిను మాటలను ఆయన పెట్టుబడిదారీ స్వభావమునకు నిదర్శనముగా గ్రహించెను. ఇట్టి విచారమునే తెలుగునాటి దేవాలయమునకు సంబంధించి జరపిన అమెరికను చరిత్రకారుడు బర్టన్ స్టైను (1926-1996). మధ్యయుగ దేవాలయముల ఆర్థికవ్యాపారమును గూర్చి, తిరుపతిని ఆధారముగా గొని, ఆయన 1960లో ఒక వ్యాసమును ప్రకటించెను. 1978లో న్యూఢిల్లీ నుండియు, 1980లో ఢిల్లీ నుండియు వెలువడిన ఆయన గ్రంథములు ఇచటి విద్వాంసులకు సుపరిచితములు. అయినను తెలుగువారికి ఆ పెద్ద గ్రంథములకంటె ఈ చిన్న వ్యాసమే ముఖ్యమైనది.

సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి ప్రభృతుల కృషివలన 1930 ప్రాంతమునుండి దేవస్థానము ప్రకటించిన శాసనసంపుటములే ఇందులకు ఆకరములు. వీనిలో అధికభాగము తమిళము. తెలుగు, కన్నడ, సంస్కృత శాసనములు తక్కువ. విజయనగర కాలమున దాత కొన్ని 'నర్పణము'లను శ్రీభండారమున చెల్లించును. ఆలయనిర్వాహకులగు స్థానత్తారులు ఆ ద్రవ్యముతో దేవాలయ గ్రామములందలి చెఱువులను, కాలువలను త్రవ్వింతురు. నీరు పెరుగగా పంట పెరుగును. ఆ అధికఫలముతో దాత కోరిన దినమున స్వామికి నైవేద్యము జరుగును. నివేదితాన్నములో నాలుగవ వంతు దాతకు చెందును. దీనికే శాసనములలో 'విట్టవన్ విళుక్కాడు' అని పేరు. ఈ హక్కును దాత ఇతరులకు ఒసగవచ్చును.

రొక్కము సేద్యపునీరుగా మాఱిన ఈ విధానమును స్పష్టపఱచుట స్టైను చేసిన మేలు. దేవాలయము ధనమును దాచి నిద్రించినదను అపవాదు దీనితో తొలగును. కాని 'పెట్టుబడి' యను మాటతోనే సర్వమును వివరింపబూనుట చాలదు. పెట్టుబడిదారుడు లాభమును మఱల మూలధనమున చేర్చును. ఇచట లాభము అన్నమై వ్యయమగుచున్నది. ఆచంద్రార్కము అదే పరిమాణమున, అదే జన్మనక్షత్రమున జరుగవలెనని దాత కోరునే గాని పెరుగవలెనని కోరడు.

తెలుగు సాహిత్యమెఱిగినవారికి ఇచట మఱియొక సంగతి స్ఫురింపక మానదు. తటాకము, ధననిక్షేపము, దేవాలయము అను మూడును సప్తసంతానములలోనివి. విడివిడిగా ఒక్కొక్కటియే పుణ్యహేతువనుకొనబడిన ఈ మూడును తిరుమలలో ఒక్క దానపత్రమున కలిసినవి. చెఱువును కేవలము ఆదాయసాధనముగా గణించినచో దాత లెక్కలో సగము జాఱిపోవును. స్టైను వ్యాసమున ఈ కోణము కానరాదు. అది ఆయన లోపమనుట కంటె, శాసనములను కావ్యములతో చేర్చి చదువని మన పరిశోధకుల లోపమనుటయే న్యాయము.

సాళువ నరసింహుడు తిరుమలలో రామానుజకూటమును నెలకొల్పి, కందాడై రామానుజయ్యంగారిని దానికి అధికారిగా నియమించెను. తన దానములవలన తనకు రావలసిన ప్రసాదభాగమును ఆ కూటమున యాత్రికుల భోజనమునకు విడిచెను.