సొసైటీకి తాళం పడితే మీ పైసలు ఏమైతయ్?

నకిరేకల్ నిమ్మ మార్కెట్‌లో పంట అమ్ముకున్న రైతు చేతికి నాలుగు పైసలొస్తాయి. కొంత అప్పులకు, కొంత పిల్లల ఫీజులకు పోతుంది. మిగిలింది ఎక్కడ దాచాలి? "బ్యాంకు కంటే వడ్డీ ఎక్కువిస్తరు, నడిపేది కూడా మనోళ్లే" అని ఎవరో చెప్తారు. అంతే, డబ్బు సొసైటీలో పడుతుంది. నడిచినన్ని రోజులు అంతా బాగానే ఉంటుంది. ఒకరోజు షట్టర్ మీద "సంఘం లిక్విడేషన్‌లో ఉంది" అన్న కాగితం కనిపిస్తుంది. అప్పుడు ఏం జరుగుతుందో మనలో చాలామందికి తెలియదు. తెలుసుకుందాం రండి.

లిక్విడేషన్ అంటే?

సింపుల్‌గా చెప్పాలంటే, సంఘం దుకాణం కట్టేసి లెక్క తేల్చడం. మన దగ్గర చాలా సంఘాలు 1964 నాటి సహకార సంఘాల చట్టం కింద నడుస్తాయి. ఇది ఉమ్మడి రాష్ట్రం నుంచి తెలంగాణకు వచ్చిన చట్టం. విచారణలో లోపాలు బయటపడి, ఇక సంఘం నడవదని తేలితే సెక్షన్ 64 కింద రిజిస్ట్రార్ మూసివేతకు ఆర్డర్ ఇస్తారు. ఆ తర్వాత లిక్విడేటర్ వస్తాడు. చాలాసార్లు ఈయన సహకార శాఖ అధికారే. ఆ రోజు నుంచి ఛైర్మన్, డైరెక్టర్ల పెత్తనం ఖతం. రికార్డులు, ఆస్తులు, బాకీల పుస్తకాలు అన్నీ లిక్విడేటర్ చేతికి పోతాయి.

ఆయన పని మూడు ముక్కల్లో: రావాల్సింది వసూలు చేయాలి, ఉన్న ఆస్తి అమ్మాలి, ఇవ్వాల్సినవాళ్లకు పంచాలి. పంచేటప్పుడు ముందు లిక్విడేషన్ ఖర్చులు తీస్తారు. తర్వాత సంఘం చేసిన అప్పులు, డిపాజిట్లు. అన్నీ తీరాక ఏమైనా మిగిలితేనే సభ్యుల షేర్ ధనం. తాత పేరు మీద పాత షేర్ సర్టిఫికెట్ పెట్టెలో ఉంటే, అది వరసలో చిట్టచివరన నిలబడి ఉందన్నమాట.

ఇక్కడ చాలామంది పొరపడే విషయం ఒకటుంది. సొసైటీ మూతపడితే అందులో తీసుకున్న లోన్ మాఫీ కాదు. ఆ బాకీ వసూలు చేసే హక్కు లిక్విడేటర్‌కు ఉంటుంది.

నేరుగా కోర్టుకు పోవచ్చా?

కోపంలో అందరూ అనే మాట, "కేసేద్దాం" అని. కానీ మూసివేతలో ఉన్న సంఘం మీద మామూలు సివిల్ కోర్టులో దావా వేయాలంటే ముందు రిజిస్ట్రార్ అనుమతి ఉండాలి. వందమంది వంద చోట్ల కేసులు వేస్తే ఉన్న కొద్ది ఆస్తీ ఖర్చులకే కరిగిపోతుందన్నది దీని వెనక లాజిక్. అందుకే ముందుగా చేయాల్సిన పని లిక్విడేటర్ ఇచ్చిన గడువులో క్లెయిమ్ పెట్టడం. పాస్‌బుక్, రసీదు, డిపాజిట్ బాండ్ జిరాక్సులు జతచేసి, అందినట్టు సంతకం తీసుకోండి.

డబ్బు మింగినవాళ్ల సంగతి వేరే. సెక్షన్ 60 కింద సర్‌చార్జ్ చర్యలు తీసుకుని, నష్టాన్ని బాధ్యుల దగ్గరే వసూలు చేయొచ్చు. మోసం జరిగితే క్రిమినల్ కేసు విడిగా నడుస్తుంది.

హైదరాబాద్ నేర్పిన పాఠం

2000ల మొదట్లో కృషి, చార్మినార్, ప్రుడెన్షియల్ అనే సహకార అర్బన్ బ్యాంకులు ఒకదాని తర్వాత ఒకటి కుప్పకూలాయి. రిటైరైనవాళ్లు, చిరు వ్యాపారులు బ్యాంకుల ముందు బారులు తీరారు. అప్పట్లో డిపాజిట్ ఇన్సూరెన్స్ లక్ష రూపాయల వరకే. అంతకు మించి దాచినవాళ్లు ఆస్తులు అమ్ముడుపోయి, బాకీలు వసూలయ్యేదాకా ఎదురుచూడాల్సిందే.

ఇప్పుడు రూల్స్ కొంచెం మెరుగయ్యాయి. 2020 ఫిబ్రవరి 4 నుంచి అసలు, వడ్డీ కలిపి 5 లక్షల దాకా ఇన్సూరెన్స్ ఉంది. 2021లో చేసిన సవరణతో, రిజర్వ్ బ్యాంక్ ఆంక్షలు పెట్టిన బ్యాంకుల డిపాజిటర్లకు ఆ సొమ్ము 90 రోజుల్లో అందాలి. లిక్విడేషన్ పూర్తయ్యేదాకా ఆగక్కర్లేదు.

అసలు మెలిక ఇదీ

ఈ ఇన్సూరెన్స్ బ్యాంకులకే. ఊళ్లోని ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘానికి, అదే మన సింగిల్ విండోకు, ఇది వర్తించదు. పొదుపు సొసైటీలకు, 1995 చట్టం కింద నడిచే మ్యాక్స్ సంఘాలకు కూడా అంతే. కొన్ని సొసైటీలు పేరులో "బ్యాంక్" అని పెట్టుకుని డిపాజిట్లు తీసుకుంటున్నాయని 2021 నవంబర్‌లో రిజర్వ్ బ్యాంకే హెచ్చరించింది. బోర్డు చూసి నమ్మితే అంతే సంగతులు.

సహారా సంగతే చూడండి. అది లిక్విడేషన్ కేసు కాకపోయినా పాఠం ఒకటే. ఆ గ్రూపు నాలుగు సొసైటీల్లో ఒకటైన స్టార్స్ మల్టీపర్పస్ రిజిస్టరైంది హైదరాబాద్‌లోనే. సుప్రీంకోర్టు 2023 మార్చిలో 5,000 కోట్లు ఇప్పిస్తే, ఆ జూలైలో రీఫండ్ పోర్టల్ తెరిచారు. పంపిణీని పర్యవేక్షించే బాధ్యత మన తెలంగాణకు చెందిన జస్టిస్ ఆర్. సుభాష్ రెడ్డికి అప్పగించారు. ఎంత డిపాజిట్ చేసినా మొదట్లో ఒక్కొక్కరికి దక్కింది 10,000 వరకే. తర్వాత దాన్ని 50,000కు పెంచారు.

డబ్బు పెట్టేముందు

ఫోన్ చేతిలోనే ఉంది కదా, ఐదు నిమిషాలు కేటాయించండి.

• పేరులో బ్యాంక్ ఉంటే, డిపాజిట్ ఇన్సూరెన్స్ సంస్థ వెబ్‌సైట్‌లోని బ్యాంకుల లిస్టులో ఆ పేరు ఉందేమో చూడండి.
• సంఘం ఏ చట్టం కింద రిజిస్టరైందో అడగండి. జవాబు చెప్పడానికి నసిగితే అక్కడికే ఆపేయండి.
• ఈ ఏడాది ఆడిట్ అయ్యిందా, మహాసభ జరిగిందా? సభ్యుడిగా అడిగే హక్కు మీకుంది.
• అమ్మానాన్నల బాండ్లు, రసీదులు ఇవ్వాళే ఫొటో తీసి భద్రపరచండి. రేపు క్లెయిమ్ పెట్టాల్సి వస్తే అవే సాక్ష్యం.

సహకార సంఘాలన్నీ మోసమని కాదు. ఎరువుల బస్తా నుంచి పంట రుణం దాకా మన రైతుకు ఆసరా అయినవీ అవే. కానీ సంఘంలో సభ్యుడంటే కస్టమర్ కాదు, ఓనర్. మహాసభకు పోయి లెక్క అడగని ఓనర్, చివరికి లిక్విడేటర్ ఆఫీసు ముందు లైన్లో నిలబడాల్సి వస్తుంది.