ఇసుక తక్కెడ, చట్టపు తక్కెడ

గోదావరికిని ఇసుకకును గల సంబంధమును డెల్టావాసులకు క్రొత్తగా చెప్పనక్కరలేదు. సర్ ఆర్థర్ కాటన్ 1847 మొదలు 1852 వరకు ధవళేశ్వరము వద్ద కట్టించిన ఆనకట్ట ఆ ఇసుక పానుపు మీదనే నిలిచినది. నేడును రాజమహేంద్రవరము, కొవ్వూరు ప్రాంతములలో పడవవారు నీట మునిగి, బకెట్లతో ఇసుక తోడి ఒడ్డుకు చేర్చుదురు. ర్యాంపు వద్ద ట్రాక్టర్లు, లారీలు దానిని నింపుకొని ఊళ్లకు బయలుదేరును. వానిలో ఒక బండిని అధికారులు దారిలో ఆపి, అనుమతి పత్రము లేదని పట్టుకొన్నారనుకొందము. తీర్పు వచ్చువరకు ఆ బండి ఎవరి వశమున ఉండవలెను? ప్రశ్న చిన్నదే. కాని దాని వెనుక ఒక వైపున నది క్షేమము, మరొక వైపున ఒక కుటుంబపు జీవనము నిలిచియున్నవి.

ముందుగా నది మాట. తవ్వకము మితిమీరినచో నది అడుగు క్రుంగును. ఒడ్డు గ్రామముల బావులలో నీటిమట్టము తగ్గును. వంతెన స్తంభముల మొదళ్లు బయటపడును. ఉప్పునీరు పాయలలోనికి మరింత ఎగబ్రాకును. ఈ కారణముచేతనే ఇసుకపై చట్టపు అదుపు అవసరమైనది. 1957 నాటి గనులు, ఖనిజముల చట్టము మామూలు ఇసుకను చిన్నతరహా ఖనిజముగా నెంచి, దానిపై నియమములు చేయు అధికారమును రాష్ట్రములకు ఒసగినది. మన రాష్ట్ర నియమములు 1966లో ఏర్పడినవి. అయిదు హెక్టార్లకు లోబడిన తవ్వకములకు సైతము పర్యావరణ అనుమతి ఉండవలెనని 2012లో దీపక్ కుమార్ కేసున సుప్రీంకోర్టు పేర్కొన్నది. 2024 జూలైలో రాష్ట్రమున ఉచిత ఇసుక విధానము వచ్చినది. ఉచితమనగా విచ్చలవిడి యని అర్థము కాదు.

ఇక బండి మాట. ట్రాక్టరు గాని, లారీ గాని పెక్కు ఇండ్లలో అప్పు మీద కొన్నదే. ఠాణా ఆవరణలో బండి నిలిచినను వాయిదా నిలువదు. ఎండకు టైర్లు పగులును, వానకు ఇనుము తుప్పు పట్టును.

ఇచ్చట రెండు మాటలను వేరుచేసి గ్రహింపవలెను. పట్టుకొనుట వేరు, జప్తు వేరు. 1957 చట్టములోని 21వ సెక్షను, 4వ ఉపవిభాగము ప్రకారము, ప్రత్యేకాధికారము పొందిన అధికారి అక్రమ రవాణాకు వాడిన బండిని పట్టుకొనవచ్చును. దానిని శాశ్వతముగా ప్రభుత్వపరము చేయు జప్తు మాత్రము, 4-ఏ ఉపవిభాగము ననుసరించి, న్యాయస్థానపు ఉత్తరువు చేతనే జరుగవలెను. యజమానులు హైకోర్టుకు ఎక్కుటకు కారణము సాధారణముగా ఈ రెంటి నడుమనే పుట్టును. పట్టుకొన్నవారికి ఆ అధికారము కలదా? సంగతి న్యాయస్థానమునకు చేరినదా? యజమాని చెప్పుకొనునది విన్నారా? 2019 జనవరి 1 నుండి అమరావతిలో నడచుచున్న మన హైకోర్టునకు రాజ్యాంగపు 226వ అధికరణము ఇట్టి ప్రశ్నలను విచారించు అధికారము నిచ్చుచున్నది.

పట్టుబడిన వాహనములను ఠాణాలలో దీర్ఘకాలము పడవేసి యుంచరాదనియు, తగిన పూచీ తీసికొని విడిచిపెట్టవలెననియు సుప్రీంకోర్టు 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసున చెప్పినది. 2024 జూలై 1న అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత, తన 497వ సెక్షనులో, ఆస్తి న్యాయస్థానమునకు చేరిన 14 దినములలో దాని వివరపట్టిక సిద్ధము కావలెనని నిర్దేశించినది.

అయితే విడుదల యనగా నిర్దోషిత్వము కాదు. నది నుండి అనుమతి లేక ఇసుక తరలించుట గనుల చట్టము క్రింద నేరమగుటయే గాక, వేరుగా దొంగతనము కూడ కావచ్చునని సుప్రీంకోర్టు 2014లో సంజయ్ కేసున తేల్చినది. గనుల చట్టపు నేరమును న్యాయస్థానము విచారణకు స్వీకరించుటకు అధికృతుడైన అధికారి వ్రాతపూర్వకముగా ఫిర్యాదు చేయవలెను. దొంగతనపు కేసునకు ఆ నిబంధన లేదు. అపరాధ రుసుము చెల్లించి గనుల కేసును రాజీ చేసికొన్నను, దొంగతనపు కేసు దానితో ముగియదని 2020లో జయంత్ కేసున అదే న్యాయస్థానము స్పష్టము చేసినది.

న్యాయస్థానములు క్రమమును పట్టుబట్టుట ఇసుక దొంగలకు చూపు దయ యని కొందరు తలంతురు. అది పొరపాటు. అధికారము లేనివారు పట్టుకొన్న బండి న్యాయస్థానము ఎదుట నిలువదు. విడుదలై వెళ్లిన ఆ బండితో పాటు నదికి జరుగవలసిన న్యాయము కూడ చేజారును. అనుమతి లేక నడపినవాడును, అధికారము లేక ఆపినవాడును ఎదురుపడినచో, అది మన సామెతలోని ఇసుక తక్కెడ – పేడ తక్కెడ బేరమే యగును. ఆ బేరములో ఇద్దరిలో ఎవరు గెలిచినను, నష్టపోవునది గోదావరి.