మీ కళాశాల ఏది?

1983 మే నెలలో జపానులోని టి.బి.ఎస్. టెలివిజన్ సంస్థ ఒక ధారావాహికను ప్రారంభించింది. తొలి భాగానికి పెట్టిన పేరు ఒక చిన్న ప్రశ్న: “మీ కళాశాల ఏది?”

వినడానికి మామూలు ప్రశ్నే. కాని కథలోని ముగ్గురు యువకులకు అది గొంతులో ముల్లు. వారు చదువుతున్నది ఎవరూ లెక్కచేయని ఒక ప్రైవేటు విశ్వవిద్యాలయం. పేరు చెప్పగానే ఎదుటివారి ముఖకవళికలు మారిపోతాయి.

ధారావాహిక పేరు ‘ఫుజొరోయి నో రింగొతాచి’. ‘ఒక్క తీరున లేని ఆపిల్ పళ్లు’ అని అర్థం చెప్పుకోవచ్చు. అంగడిలో పళ్లను రంగునుబట్టి, పరిమాణాన్నిబట్టి ఏరి పెడతారు; వరుసలో ఇమడనివి పక్కకు పోతాయి. రచయిత యమాదా తాయిచి (1934–2023) దృష్టి ఆ పక్కకు పోయిన పళ్లమీదనే. ఆయన మాత్రం పేరుమోసిన వాసెదా విశ్వవిద్యాలయ పట్టభద్రుడు.

యోషియో ఇంటివారిది మద్యం దుకాణం. మినోరు తల్లిదండ్రులది రామెన్ అమ్మే చిన్న హోటలు. మూడవవాడు కెనిచి. పెద్ద కళాశాలల అమ్మాయిలతో పరిచయం కోసం ముగ్గురూ ఒక సంఘం పెడతారు. ప్రసిద్ధ మహిళా కళాశాల విద్యార్థినులమంటూ వచ్చిన ఇద్దరు, నిజానికి నర్సు శిక్షణ పొందుతున్నవారు! సిగ్గుపడి బొంకినవారు అటూ ఉన్నారు, ఇటూ ఉన్నారు.

ఈ తూకం వీధికే పరిమితం కాదు. యోషియో ఇంట్లో వదిన అనారోగ్యంతో ఉంటుంది, సంతానం లేదు. ఆమెను వదులుకోమని తల్లి పెద్దకొడుకును ఒత్తిడి చేస్తుంది. అతడు ససేమిరా ఒప్పుకోడు. తనకు కావలసింది ఆ మనిషే అంటాడు. మనిషిని వెలకట్టడానికి నిరాకరించిన ఆ మాట, ఉద్యోగాల వేటలో అడుగడుగునా వెలకట్టబడుతున్న తమ్ముడికి ఏ పాఠ్యగ్రంథమూ చెప్పని పాఠం.

పదవది, చివరిది అయిన భాగం పేరు కూడా ప్రశ్నే: “రొమ్ము విరుచుకుని నిలబడుతున్నారా?” రచయిత తన యువకులకు గొప్ప ఉద్యోగాలు కానుకగా ఇవ్వలేదు. లోకం వారిని ఏరివేయడం మానలేదు. కాని తమను తాము ఏరివేసుకోవడం మానవచ్చునని వారు గ్రహిస్తారు.

1985, 1991, 1997లలో కథ కొనసాగింది. కొలువు, వివాహం, నడివయస్సు ఒకటొకటిగా వచ్చాయి. నటులకూ, ప్రేక్షకులకూ వయస్సు కలిసే పెరిగింది. మొదటి ప్రశ్నకు జవాబు ఒక్కసారి చెబితే చాలు. చివరి ప్రశ్నకు మాత్రం ప్రతి ఉదయమూ కొత్తగా చెప్పుకోవలసిందే.