పిక్నిక్ కాగితం తిరగరాద్దాం

కిందటి సెప్టెంబరు ఆఖరి శుక్రవారం సీలైన్ తీరంలో మన పిక్నిక్ జరిగింది కదా. సాయంత్రం నాలుగింటికి పెద్దలకు తాడులాగుడు పోటీ పెట్టాం. రాజమండ్రి నుంచి కొడుకు దగ్గరికి వచ్చిన పెద్దాయన ఒకరు హుషారుగా తాడు పట్టారు. పది నిమిషాల్లో కూలబడి, సొంత కోడలినే "ఎవరమ్మా నువ్వు?" అని అడిగారు. అది వడదెబ్బ. ఒంటిమీద నీళ్ళు కుమ్మరించి, విసురుతూ, ఆస్పత్రికి చేర్చాం. మూడోనాటికి ఇడ్లీ అడిగారు, బతికిపోయాం.

మన విహారాల కాగితం ఏనాటిదో. "సెప్టెంబరు 15 తర్వాత ఆరుబయట ఆటలు" అని అందులో ఉంది. కింద డాక్టరుగా సంతకం నాదే. చదవకుండానే పెట్టాను.

ఎండ తగ్గిందనే అనుకుంటాం. జూన్‌లో ఇక్కడ వీచేది పొడి షమాల్ గాలి, మన రెంటచింతల ఎండ లాంటిది. ఆగస్టు, సెప్టెంబరుల్లో బందరు ఉక్క. డిగ్రీలు తగ్గినా చెమట ఆరదు, ఒళ్ళు చల్లబడదు. 2019 సెప్టెంబరు 27న దోహా కార్నిష్‌లో మహిళల మారథాన్‌ను ఎండకు జడిసి అర్ధరాత్రి పెట్టారు. అయినా 68 మందిలో 28 మంది మధ్యలోనే ఆగిపోయారు.

ఈ ప్రభుత్వం తన నిబంధన మార్చుకుంది. 2007 నాటి ఉత్తర్వు ప్రకారం ఆరుబయట పనికి మధ్యాహ్న విరామం జూన్ 15 నుంచి ఆగస్టు 31 వరకే. 2021లో దాన్ని జూన్ 1 నుంచి సెప్టెంబరు 15 వరకు, ఉదయం 10 నుంచి 3.30 దాకా పెంచారు. అంతకంటే ముఖ్యం, వేడి సూచిక 32.1 దాటితే ఏ వేళైనా పని ఆపాలన్నారు. ఇది మామూలు థర్మామీటరు అంకె కాదు. తడిగుడ్డ చుట్టిన థర్మామీటరును, నల్లగోళంలోని థర్మామీటరును కూడా కలిపి కట్టే లెక్క, గాలిలో తేమ కూడా అందులోకి వస్తుంది. అదైనా కాయకష్టం చేసేవారి హద్దు. నిన్న విమానం దిగిన తాతగారికి, పసివాళ్ళకు ఇంకా ముందే ఆపాలి.

అన్నట్టు, అదే కాగితంలో ఏప్రిల్‌కు ఫువైరిత్ తీరం అని ఉంది. హాక్స్‌బిల్ తాబేళ్ళు గుడ్లు పెట్టే కాలమని ఇటీవల ఏటా ఏప్రిల్ 1 నుంచి ఆగస్టు 1 వరకు ఆ తీరం మూసేస్తున్నారు. పులిహోర డబ్బాలతో వెళ్ళి వెనుదిరిగిన కుటుంబాలు మనలోనే ఉన్నాయి.

కొత్త కాగితంలో తేదీ ఒక్కటే చాలదు. గురువారం రాత్రి వేడి, తేమ రెండూ చూసి నిర్ణయం చెప్పే బాధ్యత ఇద్దరికి అప్పగిద్దాం. ఒక హాలు సిద్ధంగా ఉంచుదాం. అద్దె దండగని కోశాధికారిగారు అంటారు, ఆయనతో వాదన నాకు అలవాటే. ఏటా విహారాలు మొదలయ్యే ముందు ఒకసారి, ముగిశాక ఒకసారి కాగితం దిద్దాలి. చిత్తుప్రతి వచ్చే సమావేశానికి తెస్తాను. ఈసారి చదివే సంతకం పెడతాను.