పదోన్నతికి బదులు వేతనం: కోర్టు మెట్లెక్కిన లెక్కలు

ప్రభుత్వ కార్యాలయాల్లో పై పోస్టు ఖాళీ అయితేనే కింది ఉద్యోగికి పదోన్నతి దక్కుతుంది కాబట్టి, కింది పోస్టులు ఎక్కువగానూ పై పోస్టులు తక్కువగానూ ఉన్న శాఖలో చేరినవారు అర్హతలన్నీ ఉండి కూడా ఇరవై ఏళ్లు ఒకే హోదాలో ఉండిపోవడం అరుదేమీ కాదు. ఎదుగూ బొదుగూ లేని ఈ స్థితినే పాలనా పరిభాషలో స్తబ్ధత అంటారు. బిహార్ పోలీసు శాఖ వైర్‌లెస్ విభాగానికి సంబంధించిన కేసులో సుప్రీంకోర్టు 1988లో, ప్రభుత్వ సర్వీసులోని ప్రతి విభాగంలోనూ తగిన పదోన్నతి అవకాశాలు ఉండాలని చెబుతూ, ఆ విభాగం వారికి కనీసం రెండు అవకాశాలైనా కల్పించాలని ఆదేశించింది. అయితే లేని పోస్టులను సృష్టించడం ఏ ప్రభుత్వానికైనా ఖర్చుతో కూడిన పని. హోదా మార్చకుండా జీతం మాత్రం పెంచడమనే మధ్యేమార్గం అందుకే పుట్టింది, దాని వెంటే వివాదాలూ పుట్టాయి.

కేంద్రంలో ఈ మార్గం అయిదో వేతన సంఘం సిఫారసుతో, 1999 ఆగస్టు 9 నాటి ఉత్తర్వుతో మొదలయింది. ఏసీపీ అని ఉద్యోగులు పిలిచే ఆ పథకం కింద, పదోన్నతి రానివారికి 12 ఏళ్ల సర్వీసు తరవాత ఒకసారి, 24 ఏళ్ల తరవాత మరోసారి, వారి శాఖలో పదోన్నతి వస్తే ఏ పోస్టులోకి వెళ్లేవారో ఆ పోస్టు వేతన శ్రేణినే ఇచ్చేవారు. ఆరో వేతన సంఘం తరవాత 2009 మే 19న వెలువడిన ఉత్తర్వు దీని స్థానంలో ఎంఏసీపీ అనే సవరించిన పథకాన్ని తెచ్చి, 2008 సెప్టెంబరు 1 నుంచి వర్తింపజేసింది. ఇందులో 10, 20, 30 ఏళ్లకు మూడు పెంపులుంటాయి. రెండు మూడయ్యాయి, గడువులు తగ్గాయి. పైకి చూస్తే ఉద్యోగికి లాభమే. మెలిక వేరేచోట ఉంది. కొత్త పథకం కింద ఇచ్చేది పదోన్నతి పోస్టు వేతనం కాదు, వేతన పట్టికలో తరవాతి వరుసలో ఉన్న గ్రేడ్ పే మాత్రమే. అప్పటి వేతన నిర్మాణంలో మూలవేతనానికి కలిపి, ఉద్యోగి స్థాయిని సూచించే నిర్ణీత మొత్తాన్నే గ్రేడ్ పే అనేవారు.

ఈ తేడా ఎంతటిదో ఒక గుమస్తా లెక్కతో తెలుస్తుంది. కింది శ్రేణి గుమస్తా గ్రేడ్ పే రూ. 1900, అతని పదోన్నతి పోస్టయిన పై శ్రేణి గుమస్తాకు రూ. 2400; అనేక కార్యాలయాల్లో ఆపై అసిస్టెంటుకు రూ. 4200. పాత పద్ధతే ఉంటే అతడు రెండే పెంపుల్లో 4200 దగ్గరికి చేరేవాడు. పట్టికలో మాత్రం 1900 తరవాత 2000, ఆ తరవాత 2400, 2800 ఉన్నాయి కాబట్టి, కొత్త పథకం కింద మూడు పెంపులూ పూర్తయిన ముప్ఫై ఏళ్ల నాటికి కూడా అతడు 2800 దగ్గరే ఆగుతాడు. పెంపుల సంఖ్య పెరిగి, వాటి విలువ తగ్గిన ఈ విచిత్రమే దేశమంతటా కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ ముందు, అంటే ఉద్యోగుల సర్వీసు తగాదాలు మొదట వినే క్యాట్ ముందు, కేసులు దాఖలవడానికి కారణమయింది.

చండీగఢ్‌లో ఒక ఉద్యోగికి అనుకూలంగా ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పును పంజాబ్, హర్యానా హైకోర్టు 2011లో సమర్థించగా, సుప్రీంకోర్టులో కేంద్రం వేసిన పిటిషన్ 2013లో ఆలస్యం కారణంగా కొట్టివేతకు గురయింది. దాన్ని ఆధారం చేసుకుని మరెందరో గెలుస్తూ వచ్చారు. చివరకు 2020 మార్చి 5న జస్టిస్ ఆర్. భానుమతి నాయకత్వంలోని ధర్మాసనం ఈ ప్రశ్నను తేల్చింది: పిటిషన్ ఆలస్యం వల్ల కొట్టివేతకు గురయినంత మాత్రాన అందులోని అంశంపై తీర్పు చెప్పినట్టు కాదు, ఎంఏసీపీ ప్రభుత్వ విధాన నిర్ణయం, దాని ప్రకారం దక్కేది పట్టికలోని తరవాతి గ్రేడ్ పే మాత్రమే. న్యాయదృష్టితో చూస్తే ఈ తర్కంలో లోపం పట్టడం కష్టం. ఆర్థిక విధానాలను కోర్టులు తిరగరాయడం మొదలుపెడితే దానికి అంతుండదు. కానీ పట్టికలో దగ్గరదగ్గర మెట్లున్న చిన్న ఉద్యోగులే ఈ మార్పు వల్ల ఎక్కువ నష్టపోయారన్న ఫిర్యాదు మాత్రం ఊహాజనితం కాదు.

పథకం అమలు తేదీపైనా పెద్ద తగాదాయే నడిచింది. ఎంఏసీపీ వేతన నిర్మాణంలో భాగమేనని, కనుక ఆరో వేతన సంఘం జీతాలతోపాటే 2006 జనవరి 1 నుంచి వర్తిస్తుందని సైనికుల కేసులో 2017లో చెప్పిన సుప్రీంకోర్టు, 2021లో పౌర ఉద్యోగుల విషయంలో 2008 సెప్టెంబరు 1నే ఖాయం చేసింది. 2022లో మరో రెండు తీర్పులు వచ్చాయి. పాత ఏసీపీ కింద పెంపు తమ స్థిరమైన హక్కు అన్న వాదన ఒకదానిలో వీగిపోయింది. రెగ్యులర్ పదోన్నతి ఇస్తామన్నప్పుడు బదిలీకో మరో ఇబ్బందికో జంకి కాదన్న ఉద్యోగికి, ఆ తరవాత స్తబ్ధత పేరుతో పెంపు అడిగే అర్హత ఉండదని రెండోది చెప్పింది.

తెలుగు నేలపై ఈ ఆలోచన కేంద్రంకన్నా ముందే అమలయింది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1980ల నుంచే ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కీమ్, అంటే అప్రయత్న పదోన్నతి పథకం, ఉంది. 2010 వేతన సవరణతో దాని గడువులు 6, 12, 18, 24 ఏళ్లయ్యాయి. ఇక్కడ పన్నెండేళ్ల స్కేలుగా ఇచ్చేది పదోన్నతి పోస్టు స్కేలే కాబట్టి, తగవు ఎక్కువగా అర్హతల చుట్టూ తిరుగుతుంది: ఆ పోస్టుకు కావలసిన చదువు, శాఖాపరమైన పరీక్షలు పూర్తి చేయనివారికి ఆ స్కేలు రాదు. పన్నెండేళ్లు నిండినా జీఓ, ఈఓ అనే శాఖాపరమైన పరీక్షలు మిగిలిపోయిన స్కూల్ అసిస్టెంట్లకు ఈ సంగతి బాగా తెలుసు. రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్ రెండు రాష్ట్రాల్లోనూ రద్దయినందున ఇటువంటి కేసులు ఇప్పుడు నేరుగా హైకోర్టుకే వెళ్తున్నాయి.

పొరపాటున ఇచ్చిన స్కేలును ఆడిట్ అభ్యంతరంతో వెనక్కి తీసుకున్నప్పుడు రికవరీ ప్రశ్న వస్తుంది. మూడో, నాలుగో తరగతి ఉద్యోగుల నుంచి, పదవీ విరమణ చేసినవారి నుంచి, ఏడాదిలోపు చేయబోయేవారి నుంచి అదనంగా చెల్లించిన సొమ్మును రాబట్టరాదని సుప్రీంకోర్టు 2014 డిసెంబరులో చెప్పింది. అయితే స్కేలు మంజూరయినప్పుడే ఎక్కువ చెల్లింపు జరిగితే తిరిగి కట్టేస్తానని హామీపత్రం రాసిచ్చిన అధికారి దానికి కట్టుబడాల్సిందేనని అదే కోర్టు 2016లో స్పష్టం చేసింది.