గనుల కేసులో బండి సీజ్ అయితే…

ఇసుక ట్రాక్టరునో, కంకర టిప్పరునో సీజ్ చేశారని తెలియగానే చాలామంది యజమానులు తెలిసిన నాయకుడికి ఫోన్ చేస్తారు. ముందు చేయాల్సింది అది కాదు. బండిని పట్టుకున్నది ఎవరు, ఏ చట్టం కింద పట్టుకున్నారు అన్నది కాగితం మీద తెలుసుకోవాలి. ఏ ఆఫీసు గడప ఎక్కాలో, ఏ కోర్టుకు వెళ్లాలో దాన్ని బట్టే తేలుతుంది.

కేంద్ర గనులు, ఖనిజాల చట్టం 1957లోనిది. అనుమతి లేకుండా ఖనిజాన్ని తరలించడం, నిల్వ చేయడం సెక్షన్ 4(1ఎ) ప్రకారం నేరం. అలా తరలించే వాహనాన్ని 21(4) కింద సీజ్ చేయొచ్చు. కానీ ఆ అధికారం ప్రభుత్వం ప్రత్యేకంగా అప్పగించిన అధికారికే ఉంటుంది. బండిని శాశ్వతంగా జప్తు చేయాలంటే 21(4ఎ) ప్రకారం కోర్టు ఉత్తర్వు తప్పనిసరి. ఇసుక, కంకర వంటి చిన్నతరహా ఖనిజాలకు రాష్ట్రాల సొంత నియమాలు ఉంటాయి. తెలుగు రాష్ట్రాల్లో ఇసుకకు 2002 నాటి వాల్టా (నీరు, భూమి, చెట్ల) చట్టం కూడా వర్తిస్తుంది. అందుకే సెక్షన్ చూడకుండా అడుగు వేయకూడదు.

పంచనామా నకలు తీసుకుని నిదానంగా చదవండి. తేదీ, సమయం, చోటు, బండి నంబరు, లోడు పరిమాణం సరిగా రాశారా? వేబిల్లు అసలే లేదా, గడువు దాటిందా, రాసినదానికన్నా లోడు ఎక్కువుందా? ఈ మూడూ వేర్వేరు తప్పులు. మీ వాదన ఏమిటన్నది వీటిలో ఏది జరిగిందన్నదాన్ని బట్టి ఉంటుంది.

తప్పు జరిగిన మాట నిజమైతే మొదటి దారి రాజీ. సెక్షన్ 23ఎ కింద అధికారి నిర్ణయించిన సొమ్ము కడితే గనుల చట్టం కింద ఆ నేరంపై విచారణ ఉండదు. రసీదు, ఉత్తర్వు రెండూ తీసుకోండి. అయితే పోలీసులు దొంగతనం కేసు కూడా పెట్టి ఉంటే రాజీతో అది పోదు. 2020లో జయంత్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టం చేసింది.

రెండో దారి కోర్టు నుంచి మధ్యంతర కస్టడీ. నేర విచారణకు ఇప్పుడు అమల్లో ఉన్నది భారతీయ నాగరిక్ సురక్షా సంహిత. బండిని కోర్టు ముందుంచితే సెక్షన్ 497 కింద, పోలీసులు సీజ్ చేసినట్టు నివేదించి కోర్టు ముందుంచకపోతే 503 కింద దరఖాస్తు చేయాలి. 497 ప్రకారం కోర్టు 14 రోజుల్లో వస్తువు వివరాల పట్టిక తయారు చేసి, ఫొటోనో వీడియోనో తీయించి, ఆపై 30 రోజుల్లో ఉత్తర్వు ఇవ్వాలి. ఆర్సీ, బీమా, యజమాని గుర్తింపు పత్రం జత చేయండి. బండి ఫైనాన్స్‌లో ఉంటే ఆ కాగితాలూ పెట్టండి. అమ్మకూడదు, రూపం మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపాలి అన్న షరతులతో, పూచీకత్తుతో బండి ఇస్తారు. పట్టుబడ్డ వాహనాలను స్టేషన్ ఆవరణలో తుప్పు పట్టనివ్వకూడదని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లోనే సుప్రీంకోర్టు చెప్పింది. టైర్లు, బ్యాటరీ పాడవుతుంటే, కిస్తీలు మీద పడుతుంటే ఆ తీర్పును దరఖాస్తులో ప్రస్తావించండి.

మూడో దారి హైకోర్టు. అధికారం లేని వ్యక్తి సీజ్ చేసినా, ఫిర్యాదూ కేసూ లేకుండా బండిని నెలల తరబడి ఉంచుకున్నా 226 అధికరణ కింద రిట్ వేయొచ్చు. చట్టం అనుమతించకుండా ఎవరి ఆస్తినీ లాక్కోకూడదని రాజ్యాంగంలోని 300ఎ అధికరణ చెబుతోంది.

మధ్యంతరంగా బండి చేతికొచ్చినంత మాత్రాన కేసు ముగిసినట్టు కాదు. నేరం రుజువైతే కోర్టు దాన్ని జప్తు చేయగలదు. అక్రమ తవ్వకం వాగుల్ని, భూగర్భ జలాల్ని దెబ్బతీస్తుంది కాబట్టే చట్టం ఇంత కఠినంగా ఉంది. బండి యజమానులారా, డ్రైవరుకు తాళం ఇచ్చే ముందు వేబిల్లు మీరే చూడండి. అయినా బండి సీజ్ అయితే, రసీదు ఇవ్వని దళారి చేతిలో డబ్బు పెట్టకుండా, పంచనామా నకలు పట్టుకుని ఆ రోజే వకీలును కలవండి.